కొస దాచిన కట్టు

కట్టు విప్పాల్సిన పొద్దున పవిత్ర లేవలేదు.

పుత్తూరు పక్కనున్న ఆ ఊళ్ళో నాలుగే నాలుగు ఇళ్ళవాళ్ళకు కలలు నేసే విద్య తెలుసు. ఎముక విరిగినవాళ్ళు నొప్పికి అటూ ఇటూ కదలకుండా ఉండాలని, కట్టు కట్టే మునిరామయ్య ఆ నేతవాళ్ళ దగ్గరే గుడ్డ నేయించుకుంటాడు. ఆ గుడ్డ చుట్టి ఉన్నన్నాళ్ళూ మనిషి కలలోనే బతుకుతాడు. గంజి పోస్తే తాగుతాడు, పిలిస్తే ఊఁ అంటాడు, అంతే. ఇరవై ఒకటో రోజు గుడ్డ అంచున వదిలిన పోగు పట్టుకుని లాగితే, నేసిన కల కాస్తా చరచరా ఊడిపోయి మనిషి ఆవులిస్తూ లేస్తాడు.

పవిత్ర కట్టుకు ఆ పోగే లేదు.

"యాడమ్మా చెంగమ్మా, కొస?" అన్నాడు మునిరామయ్య కట్టంతా తడిమి. "నా కండ్లు పోయినాయా, నువ్వు పెట్టలేదా?"

ఆ గుడ్డ నేసింది పవిత్ర తల్లి చెంగమ్మే. ముప్పై ఏళ్ళుగా మగ్గం మీద కూర్చున్న మనిషి, ఏ ఒక్కరికీ కొస వదలడం మరిచింది లేదు. ఇప్పుడూ మరవలేదు. కావాలనే లోపలికి కలిపి నేసేసింది. నిద్రలో ఆ పోగు ఎక్కడన్నా తగులుకుని, పిల్ల సగంలో లేచి నొప్పికి అల్లాడిపోతుందేమోనని! సొంత బిడ్డ అయ్యేసరికి ముప్పై ఏళ్ళ తెలివీ మూటకట్టి అటక మీద పెట్టేసింది మహాతల్లి.

"నేనే దాచేసినా అన్నా," అంది.

"ఓర్నాయనో!" మునిరామయ్య తల పట్టుకున్నాడు. "కత్తెర పెడితే గుడ్డతో పాటు బిడ్డ మతి గూడా తెగిపోతాది. ఆ సంగతి నీకు నేను సెప్పాల్నా? రెండు దినాలుగా గంజి గూడా మింగడంలే. ఇంక ఇట్నే ఉంటే బిడ్డ దక్కదు."

చెంగమ్మ కళ్ళు తుడుచుకుని మంచం పక్కన చతికిలబడింది. సూదిమొనతో నేత ఎత్తి ఎత్తి, దాచిన పోగును వెతికి పట్టుకుంది. ఒక్కొక్క వరసే ఊడదీయడం మొదలుపెట్టింది.

నేసినవాళ్ళకు పోగు కదిలినప్పుడల్లా కల కళ్ళకు కడుతుంది. పవిత్ర కాలేజీలో ఎనిమిది వందల మీటర్ల పరుగు పిల్ల. జిల్లా పోటీలు నెల ఉందనగా ప్రాక్టీసులో పడి కాలు విరగ్గొట్టుకుంది. అందుకే తల్లి ఆమెకు తిరుపతిలో ఒక స్టేడియం నేసింది. రోజుకొక పందెం, ప్రతి పందెంలోనూ పవిత్రే మొదట. ఇప్పుడు ఒక వరస లాగితే మైకు మూగబోయింది. ఇంకొకటి లాగితే జనంలో సగంమంది కూర్చున్నచోటే మాయమయ్యారు. వెనకాల తిరుమల కొండ నీలం పోగులై రాలిపోయింది. చెంగమ్మ వేళ్ళు కోసుకుపోతున్నాయి, అయినా ఆపలేదు.

మధ్యాహ్నానికి జానెడు గుడ్డ మిగిలింది. అక్కడ పోగు బిగుసుకుపోయింది. ఎంత లాగినా రాదు.

కలలో పవిత్ర ఆ పోగును రెండు చేతులా పట్టుకుని పరిగెత్తుతోంది. "వదల్ను పో!" మంచం మీద ఆమె పెదవులు కదిలాయి. "ఈడ పరిగెత్తతా ఉండా. ఆడికొస్తే మంచంలో పడుండాల. నేను రాను మా."

చెంగమ్మ బతిమాలింది. ఏడ్చింది. ఏడుకొండలవాడికి మొక్కింది. ఉహూఁ. ఆ మొండితనం ఎక్కణ్ణుంచి వచ్చిందో ఆమెకు తెలియనిదా? రోజూ అద్దంలో చూసేదే. అప్పుడు ఒక మాట తట్టింది. అది అంటే కూతురు ఈ జన్మలో తన మొహం చూడకపోవచ్చు. చూడకపోతే మానె, బతికుంటే చాలు.

కూతురి చెవి దగ్గరికి వంగింది. "మే పవిత్రా, నీ ఎనక వచ్చే ఆ పిల్లోళ్ళను ఎవురు నేసినారనుకుంటా ఉండావు? నేనే. నిన్ను దాటకుండా నేసినా. నువ్వు ఒక్క పందెం గూడా గెలవలే. అన్నీ నేను గెలిపిచ్చినా."

"అబద్ధం!" పిల్ల మొహం ఎర్రబడింది.

"అయితే నిలబడుకో. ఎవురన్నా నిన్ను దాటతారేమో సూడు."

కలలో పవిత్ర పందెం మధ్యలో టక్కున ఆగింది. వెనకాల ఏడుగురు పిల్లలూ ఆగారు. ఒక్కతీ దాటలేదు. ఉన్నచోటే కాళ్ళాడిస్తూ, నవ్వుతూ నిలబడ్డారు.

పవిత్రకు అరికాలి మంట నెత్తికెక్కింది. పోగును విసిరికొట్టింది.

అంతే, ఇవతల పోగు వదులైంది. చెంగమ్మ ఊపిరి బిగబట్టి లాగితే, మిగిలిన గుడ్డంతా సర్రున ఊడి ఆమె ఒళ్ళో కుప్పపడింది. కాలికి కట్టిన వెదురు బద్దలు జారి కిందపడ్డాయి.

"అబ్బా! నొప్పి మా! సచ్చిపోతా ఉండా!"

పవిత్ర కేక వీధి చివరిదాకా వినబడింది. అంత తియ్యటి కేక చెంగమ్మ పుట్టి బుద్ధెరిగి వినలేదు. ఏడుస్తూనే పకపకా నవ్వింది. మునిరామయ్య కాలు నొక్కి చూసి, "ఎముక కూడుకునిందిమే, గట్టిగా!" అన్నాడు.

పవిత్ర ఇద్దర్నీ పట్టించుకోలేదు. దగ్గరికొచ్చిన తల్లి చేతిని తోసేసింది. "నన్ను మోసం చేసినావు."

"చేసినా. కూసోని ఎంతైనా తిట్టు."

"కూసోను."

గోడ పట్టుకుని లేచింది. చిక్కిపోయిన కాలు గడగడలాడుతోంది. మునిరామయ్య ముందుకు ఉరకబోతే చెంగమ్మ చెయ్యి అడ్డం పెట్టింది. ఒక అడుగు పడింది. రెండోది పడింది. మూడోదానికి మోకాలు మడతపడి, పిల్ల అరచేతులు ఊనుకుని నేలమీద కూలబడింది.

ఇన్ని రోజుల కలలో ఒక్కసారి కూడా పడని పిల్ల, దుమ్మంటిన చేతులు చూసుకుంది. మొహం విచ్చుకుంది.

"పడినా మా! సూసినావా, పడినా!"

"సూసినాను తల్లీ," అంది చెంగమ్మ. లేపడానికి పోలేదు. పవిత్రే లేచి నాలుగో అడుగు వేసింది.