ఐదో రోజు పుట

ఏరు పొంగిన ఆ తొమ్మిది రోజులూ నాకు ఇప్పటికీ నిద్రలో నడిచినట్టే గుర్తున్నాయి. పొగమంచు గుమ్మం దాకా వచ్చి కూర్చునేది. అవతలి ఒడ్డు ఉందో కరిగిపోయిందో తెలిసేది కాదు. ఆ మసకలోనే మా చిన్న ఆసుపత్రిలో ఆరుగురు పిల్లలు పుట్టారు. మా కొండల్లో పుట్టిన వారమే పిల్లలకు పేరు. సోమారి, మంగళి, బుధురా, గురుబారి, సుక్రి, సనియా అని వరసగా పిలిస్తే చాలు, ఆ వారమంతా కళ్ళముందు తిరుగుతుంది. సుక్రిని కన్న తల్లి మాత్రం ఆ శుక్రవారం మధ్యాహ్నమే రక్తం ఆగక ప్రాణం విడిచింది. పడవ లేదు, ఎక్కించడానికి రక్తం లేదు. మా డాక్టరమ్మ ఇతిశ్రీ బెహరా ఆవిడ చేయి పట్టుకుని చివరిదాకా కూర్చుంది. నర్సుని నేనే కాబట్టి అన్నీ ఆసుపత్రి పుస్తకంలో రాశాను. రోజుకో పుట, కింద డాక్టరమ్మ సంతకం.

మా ఆఫీసువాళ్ళ తెలివి గురించి చెప్పాలి. డాక్టరు ఏటికి ఇటు, హాజరు పట్టీ ఏటికి అటు. పొద్దున్నే పడవెక్కి వెళ్ళి సంతకం పెట్టి, వెనక్కి వచ్చి రోగుల్ని చూసుకోవాలి. ఏరు పొంగితే సంతకం లేదు, సంతకం లేకపోతే మనిషే లేదు. తొమ్మిది రోజులూ గైర్హాజరు వేశారు. శుక్రవారం చావు గురించి పైకి పంపిన కాగితంలోనూ 'డాక్టరు లేరు' అని రాసి చేతులు దులుపుకున్నారు.

తర్వాత అదే కొంప ముంచింది. ఏటికి ఇవతల మూడేళ్ళు నిండా పనిచేసిన డాక్టర్లకు పీజీ ప్రవేశ పరీక్ష మార్కుల మీద, నిండిన ఏడాదికి పది చొప్పున, ముప్ఫై శాతం కలుపుతారు. తొమ్మిది రోజులు తక్కువయ్యాయని ఆమెకు ఇరవయ్యే కలిపారు. కాన్పుల వైద్యం సీటు ఇంకొకరికి పోయింది. ఆ శుక్రవారం తర్వాత ఆమె మనసు వేరే చదువు మీదికి పోలేదు. కటక్ హైకోర్టులో కేసు వేసి, పుస్తకం పట్టుకుని రమ్మని నాకు కబురు పెట్టింది.

రైలు కిటికీలో సాలచెట్లు తేలిపోతున్నాయి. కునుకు పట్టినప్పుడల్లా నా కిందుగా ఏరే పారుతున్నట్టుంది. ఒళ్ళో పుస్తకం తెరిచి ఐదో రోజు పుట చూసేసరికి భయం వేసింది. నువ్వుండగా మనిషి ఎలా పోయిందని ఇది ఆమె మెడకే చుట్టరూ? చింపి జాకెట్లో పెట్టుకున్నాను. ముందు రోజూ తర్వాతి రోజూ ఉన్న మనిషి, పడవే లేనప్పుడు మధ్యలో ఎక్కడికి పోతుందిలే అని నా ధీమా.

మా లాయరు పాత్రో బాబు గదిలో పుస్తకం తిప్పుతూ డాక్టరమ్మ ఆగిపోయింది.

"అక్కా, సుక్రి పుట్టిన రోజేదీ?"

"సుక్రికేం, వాళ్ళ నాయన దగ్గర రాగిజావ తాగుతుంటుంది."

"నాతో వేళాకోళమా. పుట ఏదీ?"

"నీ మంచికే తీశాను తల్లీ."

పాత్రో బాబు కళ్ళజోడు పైకి నెట్టుకున్నాడు. "తీసిందేదో తీసింది. దాన్ని కదపకండమ్మా, మీకే చుట్టుకుంటుంది."

ఆమె నా వంకే చూసింది. "అది లేకపోతే ఆవిడ పోయిన రోజు నేను లేనట్టే కదక్కా. మరి చేయి ఎవరు పట్టుకున్నట్టు?"

పుట తీసి ఇచ్చాను. చెమటకి సిరా అలుక్కుపోయింది.

కోర్టులో ఫ్యాన్ల హోరు నీళ్ళ హోరులాగే ఉంది. మాటలు ఎక్కడో ఒడ్డున వినబడుతున్నాయి. అవతలి లాయరు అతికించిన పుటను వేలితో గీరాడు. "చింపిన పుస్తకం, అలికిన సిరా. మొన్న కూర్చుని రాసుకున్నది కాదని నమ్మకమేమిటండీ?" చింపింది నేనేనని, ఆమెకు తెలియదని నేను అఫిడవిట్ ఇచ్చే ఉన్నాను. జడ్జిగారు దాన్ని చాలాసేపు చదివారు. ఆయన గొంతు మెత్తగానే ఉంది. సీటు వచ్చిన కుర్రాడు కూడా కష్టపడి మార్కులు తెచ్చుకున్నాడని, ఇలాంటి పుస్తకాన్ని నమ్మి అతన్ని లేపలేనని అన్నారు. తొమ్మిది రోజులూ పోయాయి. నా ప్రేమే ఆమె సీటు పోగొట్టింది.

మళ్ళీ ఏరు దాటి మా చోటికి వచ్చేశాం. వారం తిరక్కుండానే డాక్టరమ్మకు ఆఫీసు నుంచి నోటీసు వచ్చింది. కోర్టు కాగితాల్లోంచి ఐదో రోజు పుట ఒక్కటే తీసుకున్నారు. ఆ శుక్రవారం మీరు విధుల్లో ఉండగా బాలింత మరణించింది, ఆమెను పెద్దాసుపత్రికి ఎందుకు పంపలేదో సంజాయిషీ ఇవ్వండి అని రాశారు. డాక్టరమ్మ చదివి వినిపిస్తుంటే ఏడుపు ఆపుకోలేకపోయాను. ఈ చేతుల్ని ఏం చేసుకోవాలో తెలియలేదు.

ఆమె కాగితం మడిచి నా పక్కన అరుగు మీద కూర్చుంది.

"ఎనిమిది రోజులు లేనట అక్కా," అంది. "ఆ ఒక్క రోజే ఉన్నానట."