ఎనిమిదడుగుల నీటిలో దర్బారు

రాజ్యం నిలిచేది సైన్యం వల్లనా, ధర్మం వల్లనా అని పండితులు తరతరాలుగా తర్కించుకుంటున్నారు గాని, కిరీటం నిలిచేది మాత్రం గడ్డం కింద బిగించిన నాడా వల్లనే. ముప్పయ్యొక్క ఏళ్లుగా అట్టకిరీటం ధరిస్తున్న కుళ్లాయప్ప ఈ పరమసత్యాన్ని స్వానుభవంతో కనుగొన్నాడు. ఏడాదిలో తక్కిన రోజులన్నీ ఆయన నాలుగెకరాల వేరుశనగ రైతు. జాతరనాడు మాత్రం సమస్త భూమండలాధీశుడు.

ఆయన ఊరు ఎర్రదొడ్డిపల్లి. కదిరి దాటిన తర్వాత బస్సు దిగి రెండు కిలోమీటర్లు నడవాలి. ఆ ఊరికొక చెరువుంది. అందులో నీరు నిలిచి తొమ్మిదేళ్లయింది. మేకలు అక్కడ తుమ్మకాయలు ఏరుకుంటాయి. జాతర నాటకం ఆడేదీ అక్కడే: తూము దగ్గర రంగస్థలం, చెరువు నడుమ మగవాళ్లు, కట్ట మీద ఆడవాళ్లు. పూర్వపు చక్రవర్తులు కొండలు తొలిపించి కట్టించుకున్న నాటకశాలను ఎర్రదొడ్డిపల్లికి వరుణదేవుడు కేవలం గైరుహాజరు కావడం ద్వారా సమకూర్చాడు.

ఈ ఏడు మార్చిలో ప్రభుత్వం వారు ఆ చెరువును నింపారు. ఈ సంగతి చెరువుకు తెలియదు గాని పత్రికా ప్రకటనలో స్పష్టంగా ఉంది. నిండిన చెరువుండగా ఊరికి రెండు ట్యాంకర్లు దుబారా అని తోచి, అధికారులు రోజూ వచ్చే రెండింటిలో ఒకదాన్ని నిలిపివేశారు. ఆ ప్రకటన మీద సంతకం చేసిన పెద్ద ఇంజనీరుగారే జాతర నాటకానికి ముఖ్య అతిథి. వెయ్యిమంది ముందు ఆయన్ను అడిగితే రెండో ట్యాంకరు తిరిగొస్తుందని కుళ్లాయప్ప ఆశ. అందుకని పాత నాటకంలో కొత్త పద్యమొకటి చేర్చాడు. చెరువు నిండిందని మంత్రి విన్నవిస్తే, మరి నా కాలికి దుమ్మెందుకు అంటింది, రెండో ట్యాంకరు ఎందుకు ఆగింది అని రాజు అడుగుతాడు.

నాటకానికి స్టేషను అనుమతి కావాలి. అనుమతికి నాటకం రాతప్రతి కావాలి. ఎస్సై కేశవ గుంటూరు వైపు నుంచి బదిలీ మీద వచ్చి నాలుగు నెలలైంది. ఆయన ఎర్ర సిరా పెన్ను మూత తీసి, మహా వ్యాఖ్యాతలకు సైతం సాధ్యంకాని ఏకాగ్రతతో ప్రతిని చదివాడు.

"పెద్దాయనా, ఈ పద్యం ఎవరిని ఉద్దేశించి రాశావు?"

"రాజును సార్. ఆయప్ప సచ్చి వెయ్యేండ్లాయ."

"వెయ్యేళ్ల కిందటి రాజు ట్యాంకరు ఎందుకు ఆగిందని ఎలా అడుగుతాడు?"

"దప్పికయింటాది సార్."

ఎర్రసిరా పద్యం మీద అడ్డంగా ప్రవహించింది. ఆ మండలంలో ఈ ఏడు ప్రవహించినది అదొక్కటే. ఆ ఖాళీలో ఎస్సై ప్రభుత్వ ప్రకటన కత్తిరింపును స్వహస్తాలతో అతికించాడు.

"రాజు అడగడానికి ఏమీ లేదు. మంత్రి ఇచ్చిన ఈ కాగితాన్ని చదువుతాడు. వెలుతురుండగానే ముగించాలి. ఒక్క అక్షరం ఎక్కువైనా, తక్కువైనా కేసు పెడతాను. మీ మేళం ఇక ఈ మండలంలో గజ్జె కట్టదు. సరేనా?"

కుళ్లాయప్ప కత్తిరింపును రెండుసార్లు చదువుకున్నాడు. అంతవరకూ ముడుచుకుని ఉన్న మొహం మెల్లగా విప్పారింది.

"అక్షరం గూడా మార్చను సార్. మాయమ్మ మీద ఆన."

ఊళ్లో హార్మోనియం ఓబిలేష్ మండిపడ్డాడు. "ఏమప్పా, ముప్పై ఏండ్ల రాజువు! ఎస్సై గీత గీస్తే తలకాయ ఊపి వచ్చినావా?"

"నువ్వు కాంభోజి పట్టు. మిగతాది నేను చూసుకుంటా."

"ఇది ఆఫీసోళ్లు రాసిన వచనమన్నా! ఛందస్సు యాడుండాది దీంట్లో?"

"నీళ్లు యాడుండాయో ఆడే ఉండాది. నువ్వు పెట్టె వాయించు."

కుళ్లాయప్ప భార్య తిరుపాలమ్మకు కళాచర్చల మీద ఆసక్తి లేదు. "మీ రాజ్యం సంగతి మళ్ల జూడొచ్చు. ట్యాంకరొచ్చే పొద్దుకి నువ్వు కిరీటం పెట్టుకోనుంటే బిందె ఎవురు మోస్తారు?" అని ఊరుకుంది.

జాతరనాడు మధ్యాహ్నం మూడింటికి తెర లేచింది. ఇంజనీరుగారిని చెరువు నడిబొడ్డున, సోఫాలో, ప్రభుత్వ లెక్క ప్రకారం ఎనిమిదడుగుల లోతులో ఆసీనుణ్ణి చేశారు. పక్కన ఎస్సై. వెనుక రైటరు కానిస్టేబులు ఈరప్ప అనుమతి ప్రతిని ఒళ్లో పెట్టుకుని అక్షరం అక్షరం మీద వేలు నడిపిస్తున్నాడు.

మంత్రి కాగితం అందించాడు. కుళ్లాయప్ప దుప్పటి కప్పిన ప్లాస్టిక్ సింహాసనం మీది నుంచి లేచి, నాడా బిగించి, గుండెల నిండా గాలి పీల్చుకున్నాడు.

"ఎర్రదొడ్డిపల్లి చెరువూ..." అని ఎత్తుకుని, ఆ ఊకారాన్ని కట్ట దాటించి, గుట్ట ఎక్కించి, దించాడు. "ఎనిమిదడుగుల నీటితో కళకళలాడుచున్నదీ..."

పాడుతూనే పంచె మోకాళ్ల పైకెత్తి, లోతు నీటిలో దిగినవాడిలా ఒక్కొక్క అడుగే తడుముకుంటూ రంగస్థలం దిగి సోఫా చుట్టూ తిరిగాడు. ఎర్రటి దుమ్ము లేచి ఇంజనీరుగారి బూట్ల మీద వాలింది.

అప్పుడు కట్ట మీద నుంచి నల్లమ్మ అనే ముసలామె గొంతు ఖంగుమంది: "వన్స్‌మోర్!"

పద్యనాటకానికొక రాజ్యాంగం ఉంది. అందులో ఉన్నది ఒకే అధికరణం. సభ వన్స్‌మోర్ అంటే నటుడు మళ్లీ పాడి తీరాలి. చచ్చి పడి ఉన్న పాత్రలు సైతం లేచి, పాడి, తిరిగి యథాస్థానంలో చచ్చిన దృష్టాంతాలున్నాయి. కుళ్లాయప్ప మళ్లీ పాడాడు. మూడోసారికి మగవాళ్లందరూ పంచెలు పైకెత్తి నిలబడ్డారు. ఐదోసారికి ముందు వరుసవాళ్లు ఈత కొట్టారు. ఏడోసారికి ఇంజనీరుగారు లేచి, ఎనిమిదడుగుల నీటిలో దుమ్ము రేపుకుంటూ కారు దాకా నడిచి వెళ్లిపోయారు. పదోది ముగిసేసరికి ఎస్సై రంగస్థలం మీదికి దూకాడు.

"ఆపు! తమాషాగా ఉందా?"

"తప్పేముండాది సార్? అక్షరం మారిందా?"

ఎస్సై కిందికి చూశాడు. ఈరప్ప వేలు ఎత్తకుండానే లేచి నిలబడ్డాడు. "ల్యా సార్. పది సార్లూ ఒత్తులతో సహా సరిపోయింది."

"ఎన్నిసార్లు పాడమని రాశాం?"

"అది మీరు రాయల్యా సార్."

"కేసు రాసుకో!"

ఈరప్ప కాగితం తీసి, కలం పట్టి, ఎంతో వినయంగా అడిగాడు. "సంఘటన జరిగిన తావు ఏమని రాయమంటారు సార్?"

"చెరువు అని రాయి."

"చెరువంటే ఎనిమిదడుగుల నీళ్లల్లో ఆడినారని రాయాల. ఎండు చెరువని రాస్తే గవర్మెంటు ప్రకటన అబద్ధమైతాది. రెండిట్లో ఏది రాయమంటారో చెప్పండి సార్."

ఎస్సై ఎర్రపెన్ను చేతిలోనే ఉంది, గీయడానికి మాత్రం ఏమీ దొరకలేదు.

"పక్కన నిలబడు సార్," అన్నాడు కుళ్లాయప్ప ఆదరంగా. "మంత్రిగా బాగుంటావు."

పదకొండోసారి ఆయన పాడిన తీరు గురించి ఎర్రదొడ్డిపల్లిలో ఇంకా చెప్పుకుంటూనే ఉన్నారు. ఆ గొంతులో అరవై రెండేళ్ల వయసు లేదు, భయం లేదు. కట్ట దిగొచ్చిన ఆడవాళ్లతో సహా వెయ్యిమంది పంచెలూ కుచ్చిళ్లూ ఎత్తిపట్టి, లేని నీటిలో నిలబడి, ప్రభుత్వ ప్రకటనను ఏకకంఠంతో గానం చేశారు. అధికార వచనానికి అంతటి ప్రజాదరణ ఆ జిల్లాలో మునుపెన్నడూ లభించలేదు. కుళ్లాయప్ప చేతులు చాచి, కళ్లు మూసుకుని, పన్నెండోసారికి వన్స్‌మోర్ కోసం ఎదురుచూశాడు.

అది రాలేదు. కట్ట అవతల హారన్ మోగింది.

ఆయన కళ్లు తెరిచేసరికి చెరువులో ఎస్సై, హార్మోనియం, సోఫా మాత్రమే మిగిలాయి. కట్ట మీది నుంచి తిరుపాలమ్మ అరుస్తోంది. "ఇంగా ఏం జూస్తాండావు? బిందె పట్టుకోని రా!"

ఆ సాయంత్రం కూడా ఒక్క ట్యాంకరే వచ్చింది. వరుసలో కిరీటంతో నిలబడిన మహారాజుగారి బిందె నలభై మూడోది. నలభై రెండోది, ఈరప్ప పట్టుకున్న పోలీసు స్టేషను క్యాను.