జట్టు కాగితం మీద సంతకం

పధ్నాలుగేళ్ళుగా పాట్రిక్, మలేసియాలోని క్లాంగ్ ఊళ్ళో ఒక కాలేజీ ఫుట్‌బాల్ జట్టుకి అసిస్టెంట్ కోచ్. అంతకు ముందు అదే జట్టులో ఎడమ వింగ్‌లో ఆడాడు. సుంగై సిపుట్ రబ్బరు తోట నుంచి వచ్చిన ఆ బక్కపలచని కుర్రాడి కాలికి బంతి తగిలితే గ్యాలరీ లేచి నిలబడేదట. రాష్ట్ర జట్టు ఎంపిక రోజున మోకాలు మెలితిరిగింది. "ఈ ఒక్క సీజనూ నాకు సాయంగా ఉండు" అన్నాడు అప్పటి కోచ్. ఆ ఒక్క సీజనే ఇంత దూరం వచ్చింది. కోచ్‌లు మారారు. జెర్సీలు ఉతికించడం, చీలమండలకు పట్టీలు చుట్టడం, మ్యాచ్ ముందు జట్టు కాగితం నింపి సంతకం పెట్టడం మాత్రం పాట్రిక్‌వే.

ఇప్పటి కోచ్ చిన్నతంబి ఈ నెలాఖరుకి రిటైరవుతున్నాడు. సెమీఫైనల్‌కి చేరితే తన తర్వాత పాట్రిక్కే కోచ్ అని ప్రిన్సిపాల్‌ని ఒప్పించాడు. పాట్రిక్ భార్య జోసఫీన్ ఆ సంగతి చర్చిలో నలుగురికీ చెప్పేసింది కూడా.

క్వార్టర్ ఫైనల్ రోజు షెడ్డులో బూటు లేసు బిగిస్తూ కిశోర్‌కుమార్ తలెత్తాడు. జట్టులో గోల్స్ కొట్టేవాడు అతనొక్కడే.

"సార్, నాకు రెండు యెల్లో కార్డులున్నాయి కదా. ఆడొచ్చా?"

"గ్రూపు మ్యాచ్‌లు అయిపోనాయి కదరా. వాటితోటే కార్డులూ పోనాయి. నా కాలం నించీ అంతే."

"ష్యూరా సార్?"

"ఒరే, సార్ ఆడినప్పుడు కార్డులే కనిపెట్టలేదు లా!" అన్నాడు గోల్‌కీపర్ జెరెమీ, అక్కడివాళ్ళ తీరున మాట చివర 'లా' తగిలించి. అందరూ నవ్వారు. పాట్రిక్ కూడా నవ్వాడు.

"నువ్వు గోలు సూసుకో. కాగితం నాను సూసుకుంటాను."

ఆ రూలు నిరుడే మారింది. గ్రూపు మ్యాచ్‌లతో కార్డులు పోవు; రెండున్నవాడు తర్వాతి మ్యాచ్ ఆడకూడదు. మలయ్ భాషలో నాలుగు పేజీల సర్క్యులర్ వాట్సాప్‌లో వచ్చింది. పాట్రిక్ మొదటి రెండు లైన్లు చూసి, బొటనవేలి బొమ్మ పెట్టి ఊరుకున్నాడు. ఆడినవాడికి రూళ్లు ఒకరు చెప్పాలా అనే ధీమా.

రెండు ఒకటితో గెలిచారు. రెండూ కిశోరే కొట్టాడు. చిన్నతంబి పరుగున వచ్చి పాట్రిక్‌ని కావలించుకుని, "ఇక నీదేనయ్యా" అన్నాడు. పాట్రిక్ ఓ పది నిమిషాలు కోచ్‌గా బతికాడు. అప్పుడు అవతలి జట్టు మేనేజరు ఆ సర్క్యులర్ కాగితం పట్టుకుని వచ్చాడు. పెద్దాయన. కాగితం చూపించే ముందు గుండె మీద చెయ్యి వేసుకుని, మన్నించమన్నాడు. ఆ మాట అనకపోయినా అడిగేవాళ్ళెవరూ లేరు.

సోమవారం టోర్నమెంట్ కమిటీ విచారణ. ముందు కిశోర్‌ని పిలిచారు. అయిదు నిమిషాల్లో బయటికొచ్చి పాట్రిక్ పక్కన నిలబడ్డాడు.

"కార్డుల సంగతి నేనే మర్సిపోయినానని సెప్పినాను సార్. మీరు ఏటీ మాటాడకండి."

"ఎవరు సెప్పమన్నారురా నిన్ను?"

"ఎవరూ లేదు లా. జోసఫీన్ అక్క మాకు ప్రతి మ్యాచ్‌కీ కేక్ పంపుతాది కదా. మీరు కోచ్ అవ్వకపోతే ఎట్టా?"

కిశోర్ నీళ్ళ కోసం వెళ్ళగానే చిన్నతంబి పాట్రిక్ దగ్గరికి జరిగి, తమిళంలో గొంతు తగ్గించి అన్నాడు. "మ్యాచ్ ఎలాగూ పోయింది. దాచింది కుర్రాడైతే నీకు హెచ్చరికతో సరి. ప్రిన్సిపాల్‌తో నేను మాట్లాడుకుంటాను. వాడు ఒక్క ఏడాది ఆడకుండా కూర్చుంటాడు, అంతే కదా."

ఒక్క ఏడాది. ఆ వయసులో ఒక్క ఏడాది ఎంత పొడుగు సాగుతుందో పాట్రిక్‌కి తెలుసు. తెలిసి కూడా, లోపలి నుంచి పిలుపు వచ్చేదాకా, ఊరుకుందామనే అనుకున్నాడు. జోసఫీన్ మొహం కళ్ళ ముందు ఆడింది.

బల్ల వెనక ముగ్గురున్నారు. "ఆటగాడు తనకు కార్డులున్నట్టు మీకు చెప్పలేదా?" అని అడిగారు.

"చెప్పాడు. ఆడొచ్చా అని రెండుసార్లు అడిగాడు. ఆడమన్నది నేనే" అన్నాడు పాట్రిక్.

మ్యాచ్ అవతలివాళ్ళకు ఇచ్చేశారు. కిశోర్ మీద చర్య లేదు. పాట్రిక్ మీద రెండేళ్ళ నిషేధం. గుమాస్తా ఒక ఫారం ఇచ్చి, హోదా అన్నచోట ఏదో ఒకటి రాయమన్నాడు. పాట్రిక్ పెన్ను అందుకుని, అసిస్టెంట్ కోచ్ అని రాశాడు. గుమాస్తా కాగితం లాక్కోకుండా సిరా ఆరేదాకా ఆగాడు.

బయట చిన్నతంబి ఫోను చెవికి ఆనించుకుని అటు తిరిగి నిలబడి ఉన్నాడు. అవతల ప్రిన్సిపాల్ అని ఆ వంగిన వీపే చెప్పింది. పాట్రిక్ ఆ ఫోను అయ్యేదాకా ఆగలేదు.

గేటు దగ్గర కిశోర్ మోటార్‌సైకిల్ స్టార్ట్ చేసి ఉంచాడు.

"ఏల సెప్పినారు సార్?"

"నువ్వు అడిగినావు కాబట్టి."

పాట్రిక్ వెనక కూర్చున్నాడు. సన్నగా వాన పడుతోంది.

"వచ్చే ఏడు మీరు ఉంటారు కదా సార్?"

"లేదురా."

కిశోర్ గేరు వేశాడు. రోడ్డు మీద గుంతలొచ్చిన ప్రతిచోటా బండి బాగా నెమ్మదిగా పోనిచ్చాడు. ఇంటికి చేరేలోగా జోసఫీన్‌కి ఏ మాటతో మొదలుపెట్టాలో పాట్రిక్‌కి తోచలేదు.