లైసెన్సు ఎవరి పేరు మీద

"ఆ ఫారం నేనే నింపి పంపేశాలే" అన్నాడు రవిచంద్ర, న్యూజిలాండ్‌లోని లోయర్ హట్‌లో ఏడున్నర ట్రైన్ అందుకునే హడావిడిలో, లంచ్ బాక్స్ బ్యాగులో కుక్కుకుంటూ. నిరుపమ మురిసిపోయింది కూడా. ఎమ్మెస్సీ కెమిస్ట్రీ తొమ్మిదేళ్లుగా పోపులకే పనికొస్తున్న ఇంట్లో, అణువుల లెక్కలు కట్టే సాఫ్ట్‌వేర్ కోసం మొగుడు ఫారం నింపడమంటే మాటలా?

సీడీ వచ్చింది. ఒక చేత్తో పాపకి అన్నం పెడుతూ, ఇంకో చేత్తో మాన్యువల్ తిప్పుతూ, మూడు రోజులు కుస్తీపట్టి ఇన్‌స్టాల్ చేసింది ఆమే. ఆదివారం భోజనానికొచ్చిన స్నేహితులతో అతను "మా ఆవిడకి టైంపాస్‌గా ఉంటుందని వేసిచ్చా" అన్నాడు. అందరూ అతన్ని మెచ్చుకున్నారు. ఆమె వాళ్లకి చారు వడ్డించింది.

ఆ టైంపాస్‌లో ఆమె కట్టి పంపిన లెక్కలు చూసే వెల్లింగ్టన్‌లో ఒక ప్రొఫెసరమ్మ ఉద్యోగమిస్తానంది. పన్నెండు అణువుల లెక్కలు చేసి చూపిస్తే చాలు. పదకొండు రోజులు కంప్యూటర్ ఆగకుండా నడిచింది. నిరుపమ ఫలితాలు పంపింది. జవాబొచ్చింది: ప్రతి ఫైలు మొదట్లోనూ లైసెన్సుదారు రవిచంద్ర అని ఉంది, ఎవరాయన? ఒకరి లైసెన్సు ఇంకొకరు వాడకూడదు, ఈ లెక్కలు తీసుకోలేను. నెలాఖరులోగా మీ పేరుతో మళ్లీ పంపండి.

అంకెలుండేది ఫైలు చివర. మొదటి పేజీ నిరుపమ ఏనాడూ చూడలేదు.

సాయంత్రం అడిగింది. "ఇంటర్నెట్ నా పేరు మీదే, కంప్యూటర్ నా పేరు మీదే. అలవాటుగా రాసేశా" అన్నాడు షూ విప్పుకుంటూ. "నా పేరైతే ఏంటి, నీ పేరైతే ఏంటి? మనం వేరా?"

వేరు కాదట. బ్యాంకులో అతనే, ఇంటి లీజులో అతనే, పాప స్కూల్లోనూ ముందు అతనే. అంట్ల దగ్గరికొచ్చేసరికి మాత్రం ఇద్దరూ శుభ్రంగా వేరు. ఫోన్లో అత్తగారు "మగాడి పేరుంటే నీకే మర్యాదమ్మా" అంది. తనకెంత కోపంగా ఉందో నిరుపమకి ఒక్క కూరకి ఏడు ఉల్లిపాయలు తరిగాక తెలిసింది.

కొత్త లైసెన్సు రావాలంటే పాతది వదులుకోవాలి. సాఫ్ట్‌వేర్ కాపీలన్నీ తీసేశానని పాత లైసెన్సులో పేరున్న మనిషి సంతకం చేయాలి. ఆమె అన్నీ తీసేసి, కాగితం ఉప్మా ప్లేటు పక్కన పెట్టింది.

"ఎక్కడ పెట్టాలి?" అన్నాడు. చదవకుండా పెట్టాడు.

కొత్త ఫారంలో ఆమె తన పేరు, పుట్టింటి ఇంటిపేరుతో సహా, పెద్దక్షరాల్లో రాసింది. లైసెన్సొచ్చిన శనివారం పొద్దున్నే లెక్క మొదలుపెట్టింది. క్రికెట్ స్కోరు చూద్దామని రవిచంద్ర కుర్చీ లాక్కున్నాడు.

"ముట్టుకోకండి. పదకొండు రోజులు ఇది ఆగకూడదు."

"మరి నేను?"

"లైబ్రరీలో కంప్యూటర్లున్నాయిగా" అంది నిరుపమ, స్క్రీన్ మీంచి చూపు తిప్పకుండా. "పేరు రాయించుకుంటే గంటసేపు ఇస్తారు."