వాలు కొలిచిన టేపు

అద్దకం పని చేసే ఆ అన్నదమ్ములిద్దరికీ క్షణం పడదని మేస్త్రీకి తెలుసు. తెలిసి తెలిసీ వాళ్ల ఇంటికప్పు కొలవడానికి ఒప్పుకున్నాడు. తన టేపంటే ఆయనకి అంత గర్వం మరి. వీధివీధంతా ఆయన్ని టేపు బాబాయ్ అనేది. ముప్పై ఏళ్లలో అంగుళం తేడా రాలేదని, అడిగినా అడక్కపోయినా, ఆయనే చెప్పుకునేవాడు.

బోరు ఎండిపోయింది. నీళ్లు లేకపోతే అద్దకం లేదు, అద్దకం లేకపోతే పొయ్యి వెలగదు. ఇక కప్పు మీది వాననీళ్లే దిక్కు, ఎవరి వైపు ఎన్ని పడతాయో చూసుకుని చెరో తొట్టీ కట్టుకోవాలి. పంపకాల్లో నడిగోడ ఇద్దరికీ హద్దు. రెండు వాలులూ కలిసే కప్పు వెన్ను సరిగ్గా దాని మీదే ఉంది. అన్న వైపు రేకులు దాదాపు చదునుగా ఉంటాయి, తమ్ముడి వైపు నిటారుగా జారి తలకి తగిలేంత కిందికి వస్తాయి.

మేస్త్రీ రేకుల మీదే టేపు పరిచి కొలిచాడు. పొడవు ఇద్దరికీ పన్నెండు మీటర్లు. అన్న వాలు అయిదు మీటర్ల పది సెంటీమీటర్లు, తమ్ముడిది ఆరున్నర మీటర్లు. చదరపు మీటరు మీద మిల్లీమీటరు వాన పడితే లీటరు నీళ్లు. ఏడాది వాన ఆరువందల మిల్లీమీటర్లు.

"చిన్నోడికి పదివేల లీటర్లు ఎక్కువ పడతాయి" అని పెరట్లో అందరి ముందూ తేల్చేశాడు.

"చూశావా? పంపకాల రోజునే నా నోట్లో మట్టి కొట్టావురా" అన్నాడు అన్న.

"కప్పు నేను కట్టానా అన్నయ్యా? నాన్న కట్టాడు."

"అందులో సగం నా తొట్టిలోకి రావాలి."

"చుక్క కూడా రాదు. ఏం చేసుకుంటావో చేసుకో."

వాళ్లని అరుచుకోనిచ్చి, చూరుకి గొట్టం ఎక్కడ బిగించాలో గుర్తు పెట్టడానికి మేస్త్రీ నిచ్చెనెక్కాడు. పైనుంచి చూస్తే, ఇంటి పక్కన నేల మీద పరిచిన ఒకే కొలత బండలు కనిపించాయి. నడిగోడ నుంచి ఇటు చూరుదాకా పది, అటు చూరుదాకా పది. వాన వాలు వెంట పడదు, పైనుంచి తిన్నగా పడుతుంది. కప్పు ఎంత నేలని కప్పితే అన్ని నీళ్లే. అంటే ఇద్దరికీ సమానం. పనిలో చేరిన పిల్లాడు కూడా చెయ్యని తప్పు.

అక్కడే గొంతెత్తి చెప్పాల్సింది. కానీ కింద వీధిలో సగం మంది ఉన్నారు. గొడవ చల్లారాక పెద్దోణ్ని పక్కకి పిలిచి చెబుదాం అనుకున్నాడు. సిగ్గుమాలిన ఆలోచన అది. నిచ్చెన మీదే నిలబడి, తాపీగా టేపు చుట్టుకున్నాడు.

ఆ కాస్తలోనే అన్న ఇనప గొట్టం అందుకున్నాడు. ముందు తమ్ముడి రంగు తొట్టి మీద పడ్డాడు. తమ్ముడు, మిగిలిన కాసిని నీళ్లతో పొయ్యి మీద మరుగుతున్న రంగునీళ్ల బాల్చీ ఎత్తి అన్న ముఖాన కొట్టాడు. అన్న ఎద్దులా అరిచి గొట్టంతో కొట్టేసరికి తమ్ముడి మణికట్టు పుటుక్కుమంది. అడ్డం వచ్చిన తన భార్యని అన్న ఒక్క తోపు తోశాడు, ఆమె నుదురు గోడకి తగిలింది. రెండో దెబ్బ తమ్ముడి భుజం మీద పడింది.

"ఆపండ్రా! నీళ్లు సమానం! నేనే తప్పు కొలిచాను!" మేస్త్రీ నిచ్చెన మీంచి దూకి, పడుతూ లేస్తూ పరిగెత్తాడు.

మూడో దెబ్బ తల మీద పడింది. తమ్ముడు కూలిపోయాడు, మళ్లీ కదల్లేదు.

పెరడంతా ఎర్రగా ఉంది. ఏది రంగో, ఏది నెత్తురో తెలియడం లేదు. బొబ్బలెక్కిన ముఖంతో అన్న మేస్త్రీ వైపు తిరిగాడు. "సమానమా?"

"నేల కొలవాలి. నేను రేకులు కొలిచాను. సమానమే నాయనా."

అన్న చేతిలోంచి గొట్టం జారింది. "తమ్ముడూ, లేరా" అంటూ మోకాళ్ల మీద పడి, ఆ తలని ఒళ్లోకి తీసుకున్నాడు.

తమ్ముడి భార్య మాత్రం ఏడవలేదు. మేస్త్రీ దగ్గరికి వచ్చింది.

"తప్పని ఎప్పుడు తెలిసింది బాబాయ్?"

'ఇప్పుడే' అనొచ్చు. కాదనేవాళ్లెవరూ లేరు. ఆ మాట నాలుక చివరిదాకా వచ్చింది కూడా. ఆమె కళ్లలోకి చూశాక ఆయన వల్ల కాలేదు.

"నిచ్చెన మీద ఉండగానే అమ్మా."

ఆమె వంగి గొట్టం తీసుకుంది. మేస్త్రీ పారిపోలేదు, చెయ్యి అడ్డం పెట్టలేదు. మొదటి దెబ్బకే కింద పడ్డాడు. వీధిలో సగం మంది చూస్తూనే ఉన్నారు, ఒక్కరూ ఆమెని ఆపలేదు.