లేడని రాయమ్మా

2003లో నీరజ మదనపల్లె నుంచి శాంతిపురం దగ్గరి ఒక పల్లెకు పేదరికం సర్వేకు వెళ్లింది. ఇంటింటికీ వచ్చే మార్కులను బట్టి నిరుపేదల జాబితా తయారవుతుంది. పింఛనైనా ఇల్లైనా ఆ జాబితాలో ఉన్నవాళ్లకే. ప్రశ్నల్లో సగం నీరజ పరిశోధనలోంచి తీసుకున్నవే. సర్వేకు పోయినవాళ్లు సొంతంగా ఏదీ మార్చకూడదని పట్టుబట్టింది కూడా ఆమే.

యశోదమ్మ ఇంట్లో అడిగింది. "పనిచేసే వయసు మగవాళ్లు ఉన్నారామ్మా?"

"మా ఆయన ఉండాడు. పనికి పోలేడు. క్వారీలో పదైదేండ్లు డ్రిల్లు పట్టినాడు. ఇప్పుడు పదడుగులేస్తే ఆయాసం."

పాపన్న మంచం మీద కూర్చుని రొప్పుతున్నాడు. వయసు నలభై రెండు. ఫారంలో వయసుకే గడి ఉంది, జబ్బుకు లేదు; ఆ వయసు మగమనిషి ఉన్న ఇల్లు జాబితాలోకి రావడం కష్టం. ఆ మాటే నీరజ నెమ్మదిగా చెప్పింది.

"అయితే లేడని రాయమ్మా," అన్నాడు పాపన్న.

"ఎదురుగా ఉన్న మనిషిని అట్లా ఎట్లా రాసేదన్నా?"

"ఉండి ఏం చేస్తాండాను? నేనుండబట్టే కదా వీళ్లకేమీ రాకుండా పోతాండాది."

నీరజ తల దించుకుని 'ఒకరు' అని రాసింది.

మదనపల్లెకు తిరిగొచ్చాక పైవాళ్లకు ఉత్తరం రాసింది, ఫోన్లు చేసింది. ఫారంలో మార్పులు వచ్చే సర్వేకే అన్నారు. అదెప్పుడో ఎవరూ చెప్పలేదు.

మూడు నెలల తర్వాత మనసాగక పుంగనూరు మీదుగా బస్సు పట్టుకుని మళ్లీ ఆ పల్లెకు వెళ్లింది. మంచం గోడకు నిలబెట్టి ఉంది.

"నువ్వు పోయిన నాలుగోనాడు కుప్పం ఆసుపత్రికని పోయినాడు. ఆడ అడిగితే అట్లాంటి మనిషి రానేలేదన్నారు. ఇంటికీ రాలేదు," అంది యశోదమ్మ. "పాపను బడి మాన్పించి నాతో కూలికి పిలుసుకోని పోతాండాను. ఇప్పుడు నిజంగానే లేడు గదా. రాసుకుంటావా అమ్మా?"

"జాబితా అయిపోయిందమ్మా," అంది నీరజ.

యశోదమ్మ తిట్టలేదు.

"అట్లయితే ఆయప్ప తిరిగొచ్చేయొచ్చు గదా. ఆ మాట యాడికి పోయి చెప్పేది?"

రైలెక్కి పోయుంటాడేమోనని ఇద్దరూ కుప్పం స్టేషనుకు వెళ్లారు. టీ అమ్మేవాళ్లను, మూటలు మోసేవాళ్లను అడిగారు. ఫోటో ఉందా అన్నారు వాళ్లు. లేదు. సన్నగా ఉంటాడు, దగ్గుతా ఉంటాడు అని యశోదమ్మ చెప్పింది. అట్లాంటోళ్లు రోజూ బెంగుళూరుకు పోతానే ఉంటారమ్మా అన్నాడు ఒకాయన.

బెంగుళూరు నుంచి రైలొచ్చింది. యశోదమ్మ జనరల్ పెట్టెల వెంట పరుగెత్తుతూ కిటికీ కిటికీలోకీ చూసింది. నీరజ వెనకే నడిచింది. రైలు కదిలిపోయింది.

"ఇంకో బండి సూసి పోదామమ్మా," అంది యశోదమ్మ.

నీరజ సరేనంది.