ఓబులయ్య వినని ఐదు నిమిషాలు

పదకొండో నంబరు గది ఊడ్చి, చీపురు తలుపు వెనక ఆనించి, ఓబులయ్య అలవాటు కొద్దీ వేపచెట్టు కిందికి నడిచాడు. కొమ్మకు వేలాడే రైలుపట్టా ముక్క, పక్కన మేకుకు తగిలించిన ఇనుపకడ్డీ ఎక్కడివక్కడే ఉన్నాయి. కడ్డీ మీద చేయి పడ్డాక గానీ గుర్తు రాలేదు, సోమవారం నుంచి కాలేజీలో కరెంటు బెల్లు పెట్టారని. వరండా మూలన తెల్లడబ్బా కీచుమంది. పిల్లలు బిలబిలమంటూ బయటపడ్డారు.

"థూ! ఇదీ ఒక బెల్లే! గేటు దాటితే వినపడదు" అని తిట్టుకున్నాడు.

ఉదయగిరి కాలేజీలో ముప్పై ఒక్క ఏళ్ళుగా అటెండరు. పొట్టి మనిషి, కోపం ముక్కు మీదే. కడ్డీ పట్టి పట్టి కుడి అరచెయ్యి కాయ కాసింది. ఎడమ పిక్క మీద రూపాయి బిళ్ళంత నల్లమచ్చ, పంతొమ్మిదేళ్ళ కిందట పాము కరిచిన చోటు. ఈరోజు పొద్దున ఇంట్లో జరిగిన గొడవకు ఆ మచ్చే మూలం.

భార్య చెంచమ్మ మంచం పట్టి నాలుగు నెలలైంది. కిడ్నీలు రెండూ పోయాయి. ఆత్మకూరులో చూపించారు, నెల్లూరులో చూపించారు, చివరికి ఇంటికి తీసుకుపొమ్మన్నారు. పొద్దున గంజి తాగిస్తుంటే ఆమె చెయ్యి పట్టుకుంది.

"ఏమయ్యా, అంకమ్మ తల్లికి ఆ కోడిపుంజు ఇప్పుడన్నా ఇచ్చేస్తావా?"

"నోరు మూసుకోని పడుకో. కోడిని కోస్తే కిడ్నీలు మొలుస్తాయా?"

"నాకోసం కాదు గదయ్యా. నీకోసం మొక్కిన మొక్కు."

"నన్ను బతికించింది సూది మందు!"

"సూదే బతికించింది. కాదన్నానా? నేను మాటిచ్చినాను గదా."

గంజి చెంబు గోడకేసి కొట్టి వచ్చేశాడు.

పాము కరిచిన రోజు జీపులో ఆత్మకూరు ఆసుపత్రికి తీసుకుపోతుంటే, అంకమ్మ గుడి మలుపులో చెంచమ్మ కొంగు చాచి మొక్కింది. మనిషి బతికాడు. ఆమె ఒక ఎర్ర పుంజును గంప కింద పెట్టి ఏడాది సాకింది. తిరునాళ్ళు రేపనగా ఓబులయ్య ఆ పుంజును కోసి, ఆమె చేతే పులుసు పెట్టించాడు. "ఏదీ, మీ అంకమ్మను వచ్చి అడగమను!" అంటూ ఆమె ఎదుటే కూర్చుని ఎముకలు నమిలాడు. ఆనాటి నుంచి చెంచమ్మ కోడికూర ముట్టలేదు. గంపను మాత్రం పారేయలేదు. చూరు కింద బోర్లించి, అల్లిక ఊడిన చోటల్లా నీలం ప్లాస్టిక్ వైరుతో కట్టుకుంటూ వచ్చింది.

ఇంత మొండితనం అతనికి పుట్టుకతో వచ్చింది కాదు. పొలిటికల్ సైన్స్ చెప్పే ఎడ్విన్ సార్ ఏటా గ్రీకుదేశం పాఠం చెప్పేవాడు. ఓబులయ్య కిటికీ పక్కన నిలబడి వినేవాడు. సోక్రటీసు అనే ముసలాయన బజారులో నిలబడి కనిపించిన వాడినల్లా "నీకెట్లా తెలుసు?" అని అడగడం, పూజారినీ వదలకపోవడం, పెద్దలకు ఒళ్ళు మండి విషం తాగించడం, ఆయన బెదరకుండా గిన్నె ఎత్తి తాగేయడం. అక్కడికి గంట కావడానికి ఐదు నిమిషాలుండేది. ఓబులయ్య కళ్ళు తుడుచుకుని వేపచెట్టు దగ్గరికి పోయేవాడు. సార్ ఇక్కడ పనిచేసిన ఇరవై రెండేళ్ళూ అంతే. దేవుడు లేడు, దయ్యం లేదు, మొక్కుబడి లేదు, మగాడంటే వాడు! ఆ "నీకెట్లా తెలుసు?" పట్టుకుని టీకొట్లో, జాతరలో, చివరికి చావు ఇంట్లో కూడా కొట్లాటలు పెట్టుకున్నాడు.

ఎడ్విన్ సార్ రిటైరై ఆత్మకూరులో ఉంటున్నాడు. పిల్లలకు ఒక్క పాఠం చెప్పమని పిలిస్తే ఈ మధ్యాహ్నం బస్సులో దిగాడు. రెండింటికి క్లాసు. అదే పాఠం. ఓబులయ్య అదే కిటికీ పక్కన నిలబడ్డాడు. పాఠంలో సోక్రటీసు గిన్నె ఖాళీ చేశాడు. కాళ్ళు చల్లబడ్డాయి. ఓబులయ్య పాదాలు వేపచెట్టు వైపు తిరిగి, ఆగిపోయాయి. ఇప్పుడు బెల్లు తను కొట్టక్కర్లేదు.

"ముఖం మీద గుడ్డ కప్పుకున్నవాడు దాన్ని తొలగించి స్నేహితుడితో ఆఖరి మాట అన్నాడు" అంటున్నాడు సార్. "వైద్యం దేవుడికి మనమొక కోడిపుంజు ఇవ్వాలి, మరిచిపోకుండా ఇచ్చెయ్యమన్నాడు. అంతే, ఇంక మాట్లాడలేదు."

ఓబులయ్యకు నెత్తిన పిడుగు పడ్డట్టయింది. క్లాసు అయ్యేదాకా ఎట్లా నిలబడ్డాడో అతనికే తెలియదు. వరండాలో సార్‌కు అడ్డం తిరిగాడు.

"ఆ కోడి సంగతి ఎప్పుడు కలిపినారు సార్?"

"కలిపేదేందయ్యా? ఏటా చెప్తానే ఉండాను."

"నేను వినలేదే!"

"నువ్వెట్ల వింటావు ఓబులయ్యా? అప్పటికి బెల్లు కొట్టేదానికి పోతావు గదా."

"అంత తెలివిగలోడు కోడినెందుకు ఇమ్మన్నాడు సార్?"

ఎడ్విన్ సార్ కళ్ళద్దాలు తీసి చొక్కా అంచుతో తుడిచాడు. "తెలియదు. తలా ఒక మాట చెప్తారు. దేవుళ్ళను నమ్మడని కేసు పెట్టి చంపినారు ఆయన్ను. ఆయన మాత్రం ఇవ్వాల్సింది మరిచిపోలేదు. నాకు తెలిసింది అంతే."

"తెలియకుండానే ఇన్నేళ్ళు చెప్పినారా!" ఓబులయ్య అరిచాడు. పిల్లలు తిరిగి చూశారు. "ఆదివారం చర్చిలో మోకాళ్ళేస్తారు, సోమవారం ఈయన పాఠం చెప్తారు. మీకు రెండూ బాగానే ఉండాయి. సగం పాఠం విని కొంప ముంచుకున్నోణ్ణి నేను!"

సార్ అతని భుజం మీద చెయ్యి వెయ్యబోతే ఓబులయ్య విదిలించుకున్నాడు. సార్ మీద కోపం, సోక్రటీసు మీద కోపం, అన్నిటికంటే తన కాయ కాసిన చేతి మీద కోపం.

మూడు గంటలకే మోపెడ్ తీశాడు. బ్రాయిలర్ కోడి మొక్కుకు పనికిరాదు. మర్రిపాడు దోవలో కోటేశ్వర్ అనే రైతు నాటుకోళ్ళు సాకుతాడు. మూడు పుంజులు చూపిస్తే రెండింటిని వద్దని, తురాయి నిండుగా ఉన్న ఎర్రదాన్ని ఎంచుకున్నాడు. కాళ్ళు కట్టి హ్యాండిల్‌కు తగిలించుకుని దోవ పొడుగునా గొణుక్కుంటూ వచ్చాడు. "ఇదిగో నీ కోడి. నేనేం నమ్మి తేలేదు. నువ్వు మాటిచ్చినావని తెచ్చినాను." చెంబు విసిరినందుకు కూడా ఏదో ఒకటి అనాలి. ఆ మాట మాత్రం ఎంతకీ కుదరలేదు.

ఇంటి ముందు చెప్పులు గుంపుగా ఉన్నాయి. పక్కింటి అలివేలమ్మ గడపలో కూర్చుని ఉంది.

"నాలుగ్గంటలప్పుడు పోయింది అన్నా. ఆయన బెల్లు కొట్టినాడా, కొట్టినాడా అని అడగతానే ఉండింది. బెల్లు వినపడితే కాసేపటికి నువ్వొస్తావని లెక్క గదా అక్కకు. మూడు దినాలుగా వినపడలేదంట."

కరెంటు బెల్లు సంగతి ఓబులయ్య ఆమెకు చెప్పనే లేదు.

లోపలికి పోయి చూశాడు. ముఖంలో బాధ లేదు, కళ్ళు సగం తెరిచే ఉన్నాయి. వాటిని మూసి, గిర్రున బయటికొచ్చి పుంజును అందుకున్నాడు. "ఇప్పుడే పోయి ఇచ్చేసి వస్తాను."

అలివేలమ్మ అడ్డం లేచింది. "మైల అన్నా! పెద్దకర్మ దాకా గుడి మెట్టు తొక్కకూడదు."

"ఎవడు చెప్పినాడు? నీకెట్లా తెలుసు?"

"నాకేం తెలుసన్నా. చెంచక్క ఒప్పుకోదు."

ముప్పై ఏళ్ళలో ఆ ప్రశ్నకు ఎవరూ ఇట్లాంటి జవాబు చెప్పలేదు. ఓబులయ్య పుంజు కాళ్ళ తాడు విప్పి, చూరు కింది గంప ఎత్తి లోపలికి తోశాడు. మూతిలేని చట్టిలో నీళ్ళు పోసి పెట్టాడు. తర్వాత గోడకు ఆనుకుని, జనం చూస్తున్నారని కూడా లేకుండా, కుడి చేత్తో నెత్తి బాదుకుని ఏడ్చాడు.

మర్నాడు మధ్యాహ్నం అందరూ శ్మశానానికి కదిలారు. చూరు కింద పుంజుతో గంప మిగిలింది. దాని అంచున చెంచమ్మ మంచం పట్టకముందు కట్టిన నీలం వైరు ముడి, కొస కత్తిరించకుండా, జానెడు పొడుగున వేలాడుతూ ఉంది.